ముక్కు చెప్పిన మధ్యాహ్నం

ఫిలోగోనియో మాస్టారిని టైమెంతయిందని అడిగితే గడియారం చూడరు, వాసన చూస్తారు. ముందు చూపుడువేలు పైకెత్తి మనల్ని ఆగమంటారు. తర్వాత కళ్ళు మూసుకుంటారు. ఆ పెద్ద ముక్కును కాస్త ఎడమకూ కాస్త కుడికీ తిప్పి, గుండెల నిండా గాలి పీల్చి, "మిరపకాయ వేగింది, ఉల్లిపాయ ఇంకా పడలేదు" అంటారు. పదకొండున్నర అయిందని అర్థం. బస్సు కోసం పరుగెత్తేవాడికి ఈ జవాబు దొరికితే వాడి గతేమిటో మీరే ఊహించుకోండి.

సాన్ హసింతో ఊళ్ళో ఈ జవాబు అందరికంటే ఎక్కువగా విని, అందరికంటే ఎక్కువగా ఒళ్ళు మండించుకున్న మనిషి ఒబ్దూలియా గారు, ఊరందరికీ దోన్యా ఒబ్దూలియా. మండదా మరి! ఆవిడ గడియారాలు బాగుచేసే మనిషి. చర్చికి ఎదురుగా, ఊరి నడిమి మైదానమైన ప్లాజా వరండాలో ఆవిడ కొట్టు. గోడంతా గడియారాలే. అన్నీ ఒక్కసారే గంట కొట్టాలి, ఒక్కటి వెనకబడినా ఆ పూట ఆవిడకు తిండి సయించదు. సరిగ్గా ఆ కొట్టు ముందుకొచ్చి, ఆ గోడకు వీపు తిప్పి నిలబడి, మాస్టారు రోజూ గాలి పీల్చేవారు.

"కొంపాద్రె, ఒక్కసారి వెనక్కి తిరిగితే మీ సొమ్మేం పోతుంది? గోడ నిండా టైమే కదా ఉంది!" అనేది ఒబ్దూలియా. ఆవిడ కూతురికి జ్ఞానస్నానం నాడు మాస్టారే ధర్మపిత; ఆ వరసతో ఆయన కొంపాద్రె, ఆవిడ కొమాద్రె. అందుకని వాళ్ళిద్దరి మధ్యా వియ్యంకుల వరసంత మర్యాదా ఉంది, అంతకు మించిన దెప్పిపొడుపూ ఉంది.

"అది టైము కాదు కొమాద్రె, టైము ఫొటో. ఫొటోలో రొట్టె చూస్తే కడుపు నిండుతుందా?"

"మీ ముక్కుతో చూస్తే నిండుతుందా?"

"నిండదు. కానీ ఎప్పుడు నిండుతుందో తెలుస్తుంది."

దీనికి ఆయన పెట్టిన పేరు కాలాస్వాదన శాస్త్రం. ముప్పై ఏళ్ళు పిల్లలకు రేఖాగణితం చెప్పి రిటైరైన మనిషి కదా, పేరు లేకుండా ఏ పనీ చెయ్యరు. ఆ శాస్త్రంలో ముక్కు, నాలుక, చెవి, చర్మం నాలుగూ ప్రధానం. కంటికి మాత్రం ప్రవేశం లేదు. "కాలం పారిపోతుంది, పారిపోతుంది అని అందరూ ఏడుస్తారు. ఎందుకు పారిపోదూ? దొంగను చూసినట్టు దాన్ని గుడ్లప్పగించి చూస్తూ కూర్చుంటే పారిపోక ఏం చేస్తుంది? కళ్ళు మూసుకుని రుచి చూడండి, మీ పక్కనే కూర్చుంటుంది" అనేవారు.

ఆ లెక్కన పొద్దున్న ఎనిమిది గంటలు నాలుక మీద దాల్చినచెక్కలా ఉంటుంది. మూడు గంటలు చప్పగా ఉంటుంది, అందుకే ఆ వేళ కుక్కలు కూడా అరవవు. సాయంత్రం చెవిలోంచి వస్తుంది, చిలగడదుంపల బండివాడి ఈలతోపాటు. చిన్న కొలతలకు 'ఒక మిరప' అనే ప్రమాణం ఉంది. పెనం మీద ఎండుమిరప వేసినప్పటి నుంచి పక్కింటివాళ్ళు దగ్గేదాకా పట్టే సమయం ఒక మిరప. "రెండు మిరపల్లో వచ్చేస్తాను" అని వెళ్ళినాయన సాయంత్రానికి తేలేవారు. అడిగితే, ఆ పక్కింటివాళ్ళు ఊళ్ళో లేరు, దగ్గేవాళ్ళు లేక కొలత కుదరలేదు అనేవారు.

చర్మంతో టైము తెలుసుకునే ప్రయోగం ప్లాజాలోని ఇనప బెంచీ మీద జరిగింది. దాని మీద కూర్చుంటే ఎండ ఎంత ముదిరిందో ఒంటికి తెలిసి, గంట ఎంతయిందో చెప్పొచ్చని ఆయన సిద్ధాంతం. ఏప్రిల్ నెల మిట్టమధ్యాహ్నం కూర్చున్నారు. కూర్చున్న వేగం కన్నా లేచిన వేగం ఎక్కువ. వారం రోజులు నిలబడే భోంచేశారు. "ప్రయోగం సఫలమైంది, ఆ బెంచీ మీద అప్పుడు కచ్చితంగా రెండు గంటలైంది" అని మాత్రం ఒప్పించకుండా వదల్లేదు.

ఒకసారి ఆయనకు జలుబు చేసింది. ముక్కు దిబ్బడ వేసి ఊపిరాడలేదు. ఒబ్దూలియా ఇంటికి కబురు పంపించారు: ఈ వారం గురువారం లేదు, ఎవరూ ఎదురు చూడొద్దు అని. ఆవిడ అల్లం, తేనె, నిమ్మరసం వేసి కషాయం కాచి తీసుకెళ్ళి, "ఇదిగో మీ గురువారం, తాగండి" అని గ్లాసు చేతికిచ్చింది. తిట్టింది కానీ, ఇంటికొచ్చే దారిలో ఆవిడా కాస్త గాలి పీల్చి చూసుకుంది. ఎవరూ గమనించలేదు కదా అని అటూ ఇటూ చూసుకుని మరీ.

అసలు ఆవిడకు మొదటి నుంచీ ఒక అనుమానం తొలుస్తూ ఉండేది. మాస్టారి ముక్కు గోడ మీది గడియారాలతో ఎప్పుడోగానీ కలిసేది కాదు. చర్చి గంటతో మాత్రం ఎప్పుడూ తప్పేది కాదు. గంట ముందు మోగితే ముక్కూ ముందే ఉండేది. గంట ఆలస్యమైతే ముక్కూ ఆలస్యమే. ఇదెలా సాధ్యం? ఇద్దరూ ఒకేలా ఎలా తప్పుతారు?

ఆ చర్చి గంట కొట్టేది దోన్ నికనోర్. గంటస్తంభం కింద ఉన్న ఒంటిగదిలో ఉంటాడు. పెళ్ళయిన ఏడు నుంచీ ఆ తాడు లాగుతూనే ఉన్నాడు. ఆయన మధ్యాహ్నం గంట కొడితేనే బడి వదిలేవాళ్ళు, తాపీమేస్త్రీలు కిందికి దిగేవాళ్ళు, కొట్లు మూసేవాళ్ళు. ఈ మధ్య ఆ మధ్యాహ్నం ఒక చోట నిలకడగా ఉండటం మానేసింది. ఒక రోజు పదకొండున్నరకే వచ్చేసేది. ఇంకో రోజు మేస్త్రీలు ఆకలికి సిమెంటు వంక ఆశగా చూసేదాకా వచ్చేది కాదు.

అలా గంట తప్పి మోగినప్పుడల్లా మాస్టారు వరండాలోకి వచ్చేవారు. ఒకనాడు గంట బాగా ముందు మోగింది. బడి పంతులమ్మ దోన్యా గ్రిసెల్దా కోపంగా ప్లాజాలోకి వచ్చి, "ఇంకా లెక్కల పాఠం సగంలో ఉంది! పిల్లలు గోడ దూకి పారిపోతున్నారు!" అని అరిచింది.

మాస్టారు వేలెత్తారు. గాలి పీల్చారు. "గ్రిసెల్దమ్మా, రొట్టెల కోసం సున్నపునీళ్ళలో నానేసిన మొక్కజొన్న వాసన పిండిమరలోంచి పూర్తిగా పోయింది. కాల్చిన రొట్టె వాసన వచ్చేసింది. శాస్త్రప్రకారం మధ్యాహ్నమే. మీ గడియారమే బద్ధకించింది."

"నా గడియారం దోన్యా ఒబ్దూలియా బాగుచేసింది!"

"అయితే దానికి ఆవిడ మంకుతనం కూడా అంటుకుంది."

లోపల కూర్చుని గడియారం పళ్ళచక్రం తుడుస్తున్న ఒబ్దూలియాకు ఒళ్ళంతా కారం రాసుకున్నట్టయింది. ఊరు మాత్రం నవ్వేసింది. పంతులమ్మ కూడా నవ్వి, మాస్టారి శాస్త్రంతో వాదించడం కంటే ఇంటికెళ్ళి సూపు తాగడం మేలనుకుని వెళ్ళిపోయింది. గంట సంగతి అందరూ మర్చిపోయారు.

మర్చిపోనివాడు పంచాయతీ సెక్రటరీ బుల్మారో. రాజధానిలో చదువుకొచ్చిన కుర్రాడు, మంచివాడే, కానీ దేనికైనా ఒక మిషను ఉంటుందని నమ్మేవాడు. పట్నం నుంచి ఒక స్పీకర్ తెప్పించాడు. అందులో రికార్డు చేసిన గంట ఉంది. వేళకు అదే మోగుతుంది. ఇక తాడు అక్కర్లేదు, తాడు లాగే మనిషీ అక్కర్లేదు, గంటస్తంభం కింద గదిని పంచాయతీ సామాను పెట్టుకోవడానికి వాడుకోవచ్చు. ఊరి సభలో ఈ మాట చెప్పాడు.

సభలో చివరి వరసలో కూర్చున్న నికనోర్ టోపీ చేతిలో పట్టుకుని తిప్పుకుంటూ ఉండిపోయాడు. ఒబ్దూలియా ఆ టోపీ తిరగడం చూడలేక ముఖం పక్కకు తిప్పుకుంది. కానీ గంట తప్పు మోగుతున్న మాట నిజమే కదా. టైము విషయంలో ఆవిడ ఎవరినీ వెనకేసుకురాదు.

మాస్టారు లేచారు. "గంట తప్పని ఎవరన్నారు?"

"ఊళ్ళో అందరి ఫోన్లూ అంటున్నాయి మాస్టారూ," అన్నాడు బుల్మారో.

"ఫోనుకి ముక్కుందా?"

సభంతా గొల్లుమంది. బుల్మారోకు పౌరుషం వచ్చింది. "సరే, పరీక్ష పెడదాం! ఆదివారం ప్లాజాలో మీ కళ్ళకు గుడ్డ కడతాం. మధ్యాహ్నం ఎప్పుడయిందో మీ ముక్కు చెప్పాలి. గంటా అప్పుడే మోగాలి. రెండూ సరైన టైముతో కలిస్తే నా స్పీకర్ని నేనే తీసి పారేస్తా. కలవకపోతే తాడు విప్పేస్తాం. న్యాయనిర్ణేతగా దోన్యా ఒబ్దూలియా ఉంటుంది. ఆవిడ టైము విషయంలో అబద్ధమాడదని అందరికీ తెలుసు."

అందరూ ఒబ్దూలియా వైపు తిరిగారు. ఆవిడ గొంతు సవరించుకుని, "ఆడను," అంది.

గురువారం నాడు గంట అసలే మోగలేదు. నికనోర్‌కి జ్వరమని తెలిసింది. బడి ఎప్పుడు వదిలారో, మేస్త్రీలు ఎప్పుడు దిగారో ఎవరికీ తెలియకుండా అంతా గజిబిజిగా గడిచింది. మర్నాడు, శుక్రవారం, మాస్టారు చేతిలో మూతపెట్టిన గిన్నెతో వరండాలోంచి హడావిడిగా వెళ్తున్నారు. ఒబ్దూలియా అలవాటు కొద్దీ కవ్వించింది. "కొంపాద్రె! టైమెంత?"

మాస్టారు నడుస్తూనే జేబులోంచి గడియారం తీసి చూశారు. "పదకొండూ ఇరవై," అని చెప్పి వెళ్ళిపోయారు.

ఒబ్దూలియా చేతిలోని స్క్రూడ్రైవర్ కింద పడింది. వేలెత్తలేదు! ముక్కు తిప్పలేదు! పైగా ఆ గడియారం ఎప్పుడో తను బాగుచేసి ఇచ్చిందే! గోడ వంక చూసింది. పదకొండూ ఇరవై. గోడ మీది గడియారాలు తప్పని నవ్వుకునే మనిషి, రహస్యంగా వాటితో ఒక్క నిమిషం తేడా లేకుండా నడుస్తున్న గడియారాన్ని జేబులో పెట్టుకుని తిరుగుతున్నాడన్నమాట. కొట్టు తలుపు కూడా వెయ్యకుండా ఆయన వెనకే వెళ్ళింది.

గంటస్తంభం కింద గది తలుపు ఓరగా తెరిచి ఉంది. మాస్టారు మంచం పక్కన కూర్చుని నికనోర్‌కు చెంచాతో కోడి సూపు తాగిస్తున్నారు.

"మాస్టారూ, గంట కొట్టే వేళైందా?" అని నికనోర్ లేవబోయాడు.

"ఇంకా కాలేదు. పడుకోండి. ఉల్లిపాయ కూడా పడలేదు."

"పెర్పెతువా ఇంకా మూకుడు వాయించలేదు కదూ?"

మాస్టారు ఇంకో చెంచా సూపు నోటికందించారు. తర్వాత, "లేదు. ఇంకా లేదు," అన్నారు.

పెర్పెతువా అంటే నికనోర్ భార్య. పోయి మూడేళ్ళు దాటింది. ఒబ్దూలియా బయటే గోడకు ఆనుకుని నిలబడిపోయింది. మాస్టారు గిన్నెతో బయటికి రాగానే శాలువా అంచు నోటికి అడ్డం పెట్టుకుని, "ఏమిటిదంతా?" అని గుసగుసగా అడిగింది.

మాస్టారు చర్చి మెట్ల మీద కూలబడ్డారు. ఆ బెంచీ కాల్చినప్పటి నుంచీ కూర్చునే ముందు చేత్తో తడిమి చూసుకునే అలవాటు పోలేదు, మెట్టును కూడా తడిమే కూర్చున్నారు. "ఆయన ఎప్పుడూ గడియారం చూసి గంట కొట్టలేదు కొమాద్రె. కింద పెర్పెతువా వంట ముగించి గరిటెతో మూకుడు మీద మోగించేది. పైన ఈయన తాడు లాగేవాడు. ఆవిడ పోయాక ఆయనకు గడియారంలో ముళ్ళు కనిపిస్తాయి, టైము కనిపించదు. ఆకలేసినప్పుడు కొడతాడు."

"మరి ఇన్నాళ్ళూ ఎవరికీ తెలియలేదే?"

"ఎలా తెలుస్తుంది? అప్పుడు మనూళ్ళో రెండు టైములుండేవిగా!"

ఒబ్దూలియాకు అప్పుడు వెలిగింది. వేసవిలో గడియారాలు గంట ముందుకు జరపమని సర్కారు చెప్పిన రోజుల్లో, సగం ఊరు జరిపింది, సగం ఊరు ససేమిరా అంది. ఎవరిని ఏది అడిగినా "దేవుడి టైమా, సర్కారు టైమా?" అని ఎదురు ప్రశ్న వచ్చేది. పొత్రేరో వీధి పిల్ల పెళ్ళిలో పెళ్ళికొడుకు దేవుడి టైముకొచ్చాడు, పెళ్ళికూతురు సర్కారు టైముకొచ్చింది. మధ్యలో వంటవాళ్ళే సగం కోళ్ళు తినేశారు. చలికాలంలో రెండూ ఒకటైనా అలవాటు కొద్దీ కొట్టుకునేవాళ్ళు. అలాంటి ఊళ్ళో నికనోర్ గంట తప్పు మోగితే, దేవుడివాళ్ళు అది సర్కారు గంట అనుకునేవాళ్ళు, సర్కారువాళ్ళు అది దేవుడి గంట అనుకునేవాళ్ళు. ఆ తర్వాత సర్కారు ఆ చట్టం ఎత్తేసింది. ఊరికి ఒకటే టైము మిగిలింది. నికనోర్ తప్పు దాక్కోవడానికి చోటు లేకపోయింది.

"అందుకని మీరు మూడో టైము కనిపెట్టారు," అంది ఒబ్దూలియా మెల్లగా.

"ఏదో ఒకటి చెయ్యాలిగా. గంట తప్పని అందరూ ఆయన్ని చూసి నవ్వేకంటే, ముక్కు పెద్దదని నన్ను చూసి నవ్వనీ. నాకు అలవాటే, బళ్ళో ముప్పై ఏళ్ళు నవ్వించుకున్నాను."

"గంట మోగకముందే మీకెలా తెలుస్తుంది?"

"పావురాలు. ఆయన మెట్లెక్కగానే పైన పావురాలు లేస్తాయి. రెక్కల చప్పుడు వినిపిస్తుంది. ఆ చప్పుడుకీ మొదటి గంటకీ మధ్య సగం మిరప దూరం."

ఒబ్దూలియాకు నవ్వూ ఏడుపూ ఒకేసారి వచ్చాయి. తర్వాత ఆదివారం గుర్తొచ్చింది. "నన్ను న్యాయం చెప్పమన్నారు కొంపాద్రె. మా నాన్న నుంచీ ఆ కొట్టులో టైము మీద అబద్ధం చెప్పలేదు."

"మిమ్మల్ని చెప్పమని అడగను."

"మరేం చేస్తారు?"

"వాసన చూస్తాను. కొమాద్రె, ఒక్క మాట చెప్పనా? మొదట్లో అంతా నాటకమే. కానీ రోజూ పీల్చగా పీల్చగా నిజంగానే తెలుస్తోంది. మీ కొట్టులోంచి వచ్చే నూనె వాసన కూడా పొద్దున్న ఒకలా ఉంటుంది, సాయంత్రం ఒకలా ఉంటుంది."

"చాల్లే ఊరుకోండి," అని ఆవిడ లేచింది. దారిలో తన చేతులు వాసన చూసుకుంది.

ఆదివారం ఊరంతా ప్లాజాలోనే ఉంది. జ్వరం తగ్గిన నికనోర్ పొద్దున్నే గడ్డం గీసుకుని, తెల్ల చొక్కా వేసుకుని స్తంభం కింద గదిలో కూర్చున్నాడు. మాస్టారిని మధ్యలో కుర్చీలో కూర్చోబెట్టి కళ్ళకు గళ్ళ తువ్వాలు కట్టారు. పక్కన బల్ల మీద ఒబ్దూలియా తన తండ్రి గడియారాన్ని పెట్టుకుంది. అందరి ఫోన్లూ జేబుల్లో పెట్టించాడు బుల్మారో, తనది మాత్రం చేతిలోనే ఉంచుకున్నాడు.

మాస్టారి ముక్కు ఎడమకు తిరిగింది, కుడికి తిరిగింది. జనం ఊపిరి బిగబట్టారు. ఒబ్దూలియా గడియారం చూస్తోంది. ఇంకా చాలా టైముంది. నికనోర్, ఇంకాసేపు కూర్చో నాయనా, అని మనసులోనే బతిమాలుకుంది. కానీ జ్వరం తగ్గిన మనిషికి ఆకలి ఎక్కువ. పైన టపటపమని పావురాలు లేచాయి.

మాస్టారు వేలెత్తారు. "మధ్యాహ్నం!"

ఠంగుమని గంట మోగింది. ఊరంతా హోరెత్తింది. బుల్మారో ఫోను చూసుకుని ఎగిరి గంతేశాడు. "తప్పు! చాలా ముందు! దోన్యా ఒబ్దూలియా, చెప్పండి, టైమెంత?"

తండ్రి గడియారం ఆవిడ ముందే ఉంది. ముల్లు పన్నెండుకు అంత దూరాన, ఏమాత్రం సందేహం లేకుండా నిలబడి ఉంది. ఆవిడ తలెత్తి స్తంభం వైపు చూసింది. పైన కిటికీలో నికనోర్ రెండు చేతులతో తాడు పట్టుకుని, కిందికి చూసి నవ్వుతున్నాడు. ఆ తాడు తీసేస్తే ఈయన ఇంకేం పట్టుకుని నిలబడతాడు?

ఒబ్దూలియా శాలువా తీసి గడియారం మీద కప్పింది. చూపుడువేలు పైకెత్తింది. కళ్ళు మూసుకుంది. మొదట ఏమీ తెలియలేదు. తర్వాత ఎవరింట్లోనో మిరపకాయ పెనం మీద పడింది. రొట్టె కాలుతున్న వాసన వచ్చింది. ఆవిడకు నిజంగానే ఆకలేసింది.

"ఉల్లిపాయ పడింది," అంది. "సరిగ్గా మధ్యాహ్నం."

ప్లాజాలో అందరూ గిర్రున ఆవిడ వైపు తిరిగారు. ఆవిడ నోట ఆ మాటా!

"నా ఫోనులో పదకొండూ..." అని బుల్మారో మొదలుపెట్టాడు.

"నీ ఫోనుకి జలుబు చేసింది నాయనా!" అని రొట్టెలమ్మే చోనా గట్టిగా అరిచింది. "కషాయం పట్టించు!"

నవ్వు ప్లాజా అంతా పాకింది. పంతులమ్మ గ్రిసెల్దా ఒకసారి స్తంభం పైకి చూసి, ఒకసారి ఒబ్దూలియా ముఖం చూసి, గాలి పీల్చింది. "అవును, ఉల్లిపాయే," అంది. మేస్త్రీలు కూడా పీల్చారు. "ఉల్లిపాయే!" వాళ్ళకు ఎప్పుడు అర్థమైందో, అసలు ఎప్పటి నుంచి తెలుసో ఎవరూ చెప్పలేదు. బుల్మారో నోరు తెరిచేలోపు గుంపులోంచి వాళ్ళమ్మ పిలిచింది. "బుల్మారో! మధ్యాహ్నమైంది! సూపు చల్లారిపోతోంది, నడు!" అమ్మ మాటకు ఎదురు చెప్పే చదువు ఆ రాజధానిలో ఎవరూ చెప్పలేదు. స్పీకర్‌ని తర్వాత పండగ డాన్సులకు వాడుకున్నారు.

నికనోర్ మెట్లు దిగి వచ్చి మాస్టారి చెవిలో అడిగాడు. "మాస్టారూ, ఆకలేసి కాస్త ముందు కొట్టానేమో. మీ శాస్త్రంలో పొట్ట ఉందా?"

"అదే మొదటి పాఠం దోన్ నికనోర్," అన్నారు మాస్టారు, తువ్వాలు విప్పుకుంటూ.

ఇప్పుడు ఒబ్దూలియా కొట్టులో అన్ని గడియారాలూ ఒక్కసారి మోగవు. ఒకదాన్ని ఆవిడ రోజూ నికనోర్ గంట మోగాక ముల్లు తిప్పి దానితో కలుపుతుంది. ఆవిడకు తిండి బాగానే సయిస్తోంది. మొన్న ఒకడు బస్సు కోసం పరుగెత్తుతూ వచ్చి, "దోన్యా, వీటిలో ఏది కరెక్టు? టైమెంత?" అని రొప్పుతూ అడిగాడు.

ఆవిడ వేలెత్తింది. కళ్ళు మూసుకుంది. "ఉల్లిపాయ పడింది," అంది.

"లేదు కొమాద్రె, అది వెల్లుల్లి," అన్నారు వరండాలో కూర్చున్న మాస్టారు. "బాబూ, కంగారు పడకు, బస్సుకి ఇంకా చాలా టైముంది." చెప్పి, ఎవరూ చూడకుండా జేబులోని గడియారం లోపలికి తోసుకున్నారు.